ఓలిందో వకీలుగారి ఏడు చెట్లు

సాన్ మరీనో దేశంలో, కోట అని పిలిచే మోంతెసెర్రా ఊళ్లో, ఒక రాతిగోడ పక్కనున్న ఏడు చెట్లను ఈ ఫిబ్రవరి ఇరవై ఎనిమిదిన నరికివేయాలని కౌన్సిల్ వారు ఉత్తర్వు జారీ చేశారు. ఆ చెట్ల పండ్లు పక్కింటి పెరట్లో రాలి పదకొండేళ్లుగా ఇరుగుపొరుగుల మధ్య కలహం రేపుతున్నాయట. చెట్లు పోతే శాంతి వస్తుందట. శాంతితో పాటు మూడు కార్లు నిలుపుకునే చోటు కూడా వస్తుందట. చెట్ల యజమానిని అడగలేదు. పక్కింటావిడను అడగలేదు. అడిగింది రంపం ఉన్నవాణ్ణి ఒక్కణ్ణే.

ఆ చెట్ల యజమాని వకీలు ఓలిందో తోనీనిగారు. వయసు డెబ్బై తొమ్మిది, భార్యాబిడ్డలు లేరు. ఆయనను గురించి తెలుసుకోవలసిన లక్షణం ఒక్కటే: లోకంలో ఏ చిక్కు వచ్చినా, అది దేశాల సరిహద్దు కానివ్వండి, చొక్కా గుండీ కానివ్వండి, దాని మీద రోమన్ న్యాయం ఏమంటుందో చెప్పనిదే ఆయనకు ఊపిరాడదు. చక్కెర వ్యాధి ఉంది, తీపి మానెయ్యండి అని డాక్టరు చెప్పిన రోజున కూడా, "తీర్పు ప్రతి ఇప్పించండి, అప్పీలు చేసుకుంటాను," అన్న మనిషి. అప్పీలు ఓడిపోయి, ఇరవై ఏళ్లుగా పండు ముట్టలేదు.

తప్పు పూర్తిగా ఆయనది కూడా కాదు. మిగతా ఐరోపా ఆ పాత న్యాయాన్ని కొత్త చట్టాల మూసలో పోసుకుని, అసలు పుస్తకాలను అద్దాల బీరువాల్లో పెట్టి తాళం వేసింది. సాన్ మరీనోలో అలా జరగలేదు. ఇక్కడి చట్టం నోరు మెదపని చోట న్యాయాధికారి ఇప్పటికీ ఆ పాత న్యాయం వైపే తల తిప్పుతాడు. ఆ న్యాయాన్ని పుస్తకాలకెక్కించిన జస్టీనియన్ చక్రవర్తి మిగతా అన్ని దేశాల్లోనూ పింఛను పుచ్చుకున్నాడు. ఈ కొండ మీద మాత్రం ఇంకా ఉద్యోగంలోనే ఉన్నాడు.

ఓలిందోగారి కథ కాగితాలతో సహా తెలిసిన వ్యక్తి ఎర్సీలియా. కోర్టు రికార్డుల గుమాస్తాగా ముప్ఫై ఒక్క సంవత్సరాలుగా ఒక్క కాగితం ముక్క కూడా పారేయని మనిషి. ఒక శనివారం నేవియో రొట్టెల దుకాణంలో ఆమె వరసలో నిలబడి ఉండగా ఒక అమ్మాయి తన సంచిని నేల మీద పెట్టి పక్క దుకాణానికి వెళ్లి వచ్చింది. ఈలోపల వెనకాయన ముందుకు జరిగాడు.

"నా సంచి ఉందిగా ఇక్కడ!" అంది అమ్మాయి.

"సంచికి రొట్టె కావాలా ఏంటి?" అన్నాడాయన.

ఓలిందోగారు గొంతు సవరించుకున్నారు. నేవియో కళ్లు మూసుకున్నాడు.

"చూడమ్మా, ఒక చోటు స్వాధీనంలో ఉందనడానికి రెండు కావాలి. ఒకటి శరీరం, రెండోది ఉద్దేశం. నీ సంచికి శరీరం ఉంది. ఉద్దేశం లేదు."

"ఈ ఊళ్లో సగం మంది అంతే వకీలుగారూ," అన్నాడు నేవియో. "మీకేం కావాలో చెప్పండి. అవతల పియదీనా రొట్టె మాడిపోతోంది."

"అమ్మకం కుదిరాక రొట్టె మాడితే నష్టం ఎవరిదన్న దాని మీద జస్టీనియన్..."

"నాదే! నష్టం నాదే! ఊరికే తీసుకెళ్లండి బాబూ!"

ఊరికే తీసుకోవడం ఆయనకు గిట్టదు. డబ్బిచ్చి, చరిత్ర కూడా ఇచ్చి వెళ్లారు. పదిహేను వందల ఏళ్ల కిందట చక్రవర్తి రెండు వేల పుస్తకాలను యాభైకి కుదించమన్నాడనీ, పండితులు మూడేళ్లలో కుదించి చూపించారనీ, ఆ తరవాత పడమటి దేశాలు దాన్ని మరచి అయిదువందల ఏళ్లు నిద్రపోయాయనీ, బొలోన్యాలో మళ్లీ తెరిచి చదివారనీ, అక్కడ చదువుకున్నవాళ్లు దాన్ని ఐరోపా నలుమూలలకూ మోసుకుపోయారనీ, డచ్చివాళ్లు ఓడలకెక్కించి ఆఫ్రికా కొస దాకా, సింహళం దాకా చేర్చారనీ.

"సింహళంలో గట్టు తగాదా వచ్చినా ఈ న్యాయం నీడ పడుతుందయ్యా!"

"అయితే ఓడెక్కి వాళ్లకే చెప్పి రండి వకీలుగారూ. ఇక్కడ వరస వీధి మలుపు దాటింది."

మరొకసారి ఫాదర్ సెవెరినోగారి తేనెపట్టు నుంచి ఈగలన్నీ లేచి ఎగిరిపోతూ ఉంటే, ఓలిందోగారు కిటికీలోంచి కేక వేశారు. "ఫాదర్! కంటికి కనిపిస్తున్నంతసేపే అవి మీవి! కనుమరుగైతే పట్టుకున్నవాడివి! పరుగెత్తండి!" ఫాదర్ అంగీ మోకాళ్ల పైకి ఎత్తిపట్టుకుని రెండు కొండలు దిగి ఇటలీ సరిహద్దు దాకా పరుగెత్తారు. "ఇప్పుడేం చెయ్యను?" అని అక్కణ్ణించి అరిస్తే, "అటువైపు వేరే చట్టం ఫాదర్, నాకు సంబంధం లేదు!" అని కిటికీ మూసుకున్నారు వకీలుగారు.

ఇన్ని చేసినా ఊరు ఆయనను ముద్దుగానే భరించింది. భరించలేకపోయింది ఒక్క విషయాన్నే. పదకొండేళ్ల కిందట, ఫిబ్రవరి నెలలో, ఆయన పక్కింటి వితంతువు బ్రూనా మార్సీ మీద దావా వేశారు. కారణం: ఆయన అక్రోటు చెట్టు కొమ్మలు గోడ దాటి ఆమె పెరట్లోకి వంగాయి, రాలిన కాయలు ఏరుకోవడానికి ఆమె గేటు తీయాలి. అలాంటి హక్కు రోమన్ న్యాయంలో నిజంగానే ఉంది. మూడో రోజుకొకసారి పొరుగువాడి నేలలోకి వెళ్లి మన చెట్టు ఫలాలను మనం తెచ్చుకోవచ్చు.

"వకీలుగారూ, బయట మోకాలిలోతు మంచు పడి ఉంది," అన్నాడు న్యాయాధికారి. "రాలిన కాయలేవండీ?"

"రాలాక దావా వేస్తే కాయలు కుళ్లిపోతాయండీ. దావాలు కుళ్లవు."

"పాత న్యాయంలో ఉన్నది ఓక్ కాయ. మీది అక్రోటు."

"ఓక్ కాయ అంటే సమస్త ఫలాలూ అని పాత పండితులు ఎప్పుడో తేల్చేశారండీ."

బ్రూనా చేతికర్రతో నేల మీద ఒక్క పోటు పొడిచింది. "ఎప్పుడో చచ్చిన చక్రవర్తికి నా పెరట్లో ఏం పనండీ? ఈయనకి మతి పోతే కోర్టుకి కూడా పోవాలా? సరే, మూడో రోజన్నారుగా. అంటే మధ్యలో రెండు రోజులు నాకు పీడ విరగడ."

"కాదమ్మా," అన్నారు ఓలిందోగారు వినయంగా. "రోమన్లు మొదటి రోజును కూడా లెక్కలో కలుపుకుంటారు. మూడో రోజంటే ఎల్లుండి."

ఎల్లుండా, ఆవలెల్లుండా అన్నది తేలడానికి రెండు వాయిదాలు పట్టింది. ఎల్లుండే గెలిచింది. గెలిచిన మనిషి కూర్చోవాలి కదా! లేచి నిలబడి, "నేను వెళ్లినప్పుడల్లా ఆవిడ గడ్డి తొక్కుతాను. అందుకు నా మీద పరిహారం విధించండి. రాకకొక మోపు కట్టెలు," అన్నారు.

న్యాయాధికారి కళ్లద్దాలు తీశాడు. "గెలిచినవాడు తన మీదే జరిమానా వేయించుకోవడం నేనెక్కడా చూడలేదండీ."

"రెండు మోపులు!" అని అరిచింది బ్రూనా.

"ఒప్పుకుంటున్నాను," అన్నారు ఓలిందోగారు.

ఆ మాటలు టైపు చేస్తూ ఎర్సీలియా నవ్వు ఆపుకోలేక మూడు తప్పులు చేసింది. వృత్తి జీవితంలో ఆమె చేసిన తప్పులు అవే.

అప్పటి నుంచి రోజు విడిచి రోజు, గంట పది కొట్టగానే, ఒక చేతిలో బుట్ట, భుజాన కట్టెల మోపులు, జేబులో రసీదు పుస్తకం.

"వచ్చావా దొంగా?"

"న్యాయబద్ధంగా వచ్చాను. దారికి అడ్డం తొలగండి."

"బూట్లు దులుపుకుని రా. నీ చక్రవర్తి చెప్పలేదా అది?"

గోడ పక్కన అక్రోటు ఒక్కటే ఉంటే చాలలేదు కాబోలు, ఏటా ఒక మొక్క తెచ్చి నాటారు. ఆరు మొక్కలూ ఎదిగి, కొమ్మలు ఆవలికే వంచాయి. పదకొండు చెర్రీ పండ్ల కోసం ఆయన అరగంట ఏరేవారు. ఆప్రికాట్ దొర్లి వంటింట్లోకి వెళ్లి ఉండవచ్చునని వంటిల్లు చూసేవారు. గుమ్మం ముందు ఊగే మెట్టును ఒకరోజు సుత్తి తెచ్చి బిగించారు. ఫలానికి పోయే దారి తన హక్కట, హక్కు కింద మెట్టు ఊగకూడదట. కాలిపోయిన బల్బు మార్చారు. చీకట్లో ఫలం కనిపించదట. గేటు తీయడం పదకొండు నిమిషాలు ఆలస్యమైతే వ్యాజ్యం వేశారు. అలా మొత్తం పంతొమ్మిది వ్యాజ్యాలు. ఏరిన ప్రతిసారీ రెండు ప్రతుల రసీదు, ఇద్దరి సంతకాలు, ఒక ప్రతి కోర్టుకు. ఎర్సీలియా బీరువాలో మూడు అరలు ఆ రసీదులవే. బుట్ట మాత్రం నేవియో దుకాణంలో ఖాళీ అయ్యేది.

కౌన్సిల్ వారి చెట్ల ఇంజనీరు ఆ పంతొమ్మిది వ్యాజ్యాలూ చదివి, అయ్యో పాపం అనుకుని, కలహానికి మూలాన్ని పెకలించాలని నిర్ణయించాడు. పైగా వంగిన కొమ్మలు కొట్టించే నియమాన్ని ఆ పాత న్యాయంలోంచే వెతికి ఉత్తర్వులో రాసుకున్నాడు.

ఉత్తర్వు అందిన మర్నాడు ఓలిందోగారు నలభై మూడు పేజీల అభ్యంతరంతో ఎర్సీలియా బల్ల ముందుకు వచ్చారు. కాగితాలు ఆమె చేతికిచ్చారు.

"చెట్లు పోతే హక్కు పోతుందమ్మాయీ."

"పోతే ఏమవుతుంది వకీలుగారూ?"

"గేటు మూసుకుంటుంది," అన్నారు. అని, టోపీ పెట్టుకుని వెళ్లిపోయారు.

జస్టీనియన్ పేరు రాలేదు. ముప్ఫై ఒక్క ఏళ్లలో ఆ నోటి వెంట చక్రవర్తి లేకుండా ఒక సంభాషణ ముగియడం ఎర్సీలియా వినలేదు. ఆమెకు గాబరా పుట్టింది. తలుపు గడియ వేసి, మూడు అరలూ బల్ల మీద కుమ్మరించింది.

మొదట కనిపించింది దావా తేదీ. ఫిబ్రవరి రెండు. ఆ ఏడాది జనవరి పన్నెండున ఏం జరిగిందో ఊరందరికీ తెలుసు: బ్రూనా ఆ ఊగే మెట్టు మీద జారిపడి, లేవలేక, ఒక రాత్రీ ఒకటిన్నర పగలూ అలాగే ఉండిపోయింది; రొట్టెల బండివాడు చూసేదాకా ఎవరికీ తెలియలేదు. ఆసుపత్రి నుంచి వచ్చాక, చూసి పోవడానికి వచ్చిన నర్సును చీపురుతో తరిమింది. "నేనేమన్నా దిక్కులేనిదాన్నా?" అంది. ఫాదర్ సెవెరినోగారిని గేటు బయటే నిలబెట్టింది. వంతులవారీగా వస్తామన్న ఇరుగమ్మలను, "నేను పోయానో లేదో చూసుకోవడానికా?" అని పంపేసింది. ఆమె పడిన మూడు వారాలకు దావా.

రెండోది మొక్కలు కొన్న రసీదులు. యాజమాన్యానికి రుజువుగా ఆయనే జతచేసినవి. ఎర్సీలియా వాటిని నెలల వరసలో పేర్చింది. మేలో మల్బరీ, జూన్‌లో చెర్రీ, జులైలో ఆప్రికాట్, ఆగస్టులో అంజూరం, సెప్టెంబరులో ఆపిల్, తరవాత అక్రోటు; ఆకులన్నీ రాలిపోయాక కూడా మంచులో ఎర్రగా వేలాడుతూ జనవరి దాకా ఒక్కొక్కటే రాలే, టొమాటోలాంటి కాకీ పండు. పండు ముట్టని మనిషి, ఏడాదిలో వీలైనన్ని నెలలు ఏదో ఒకటి రాలేలా గోడ వెంట క్యాలెండరు నాటాడు! మిగిలిన ఖాళీ ఫిబ్రవరి నుంచి ఏప్రిల్ దాకా మూడు నెలలే. ఆ నెలల రసీదులు తీసింది. ప్రతిదాని మీదా ఆయన గుండ్రటి దస్తూరీ: "ఫలములు: ఒకటి. రకము: నారింజ. రాల్చిన చెట్టు: అక్రోటు."

ఎర్సీలియా కోటు తొడుక్కుని తిన్నగా బ్రూనా గేటు దగ్గరికి వెళ్లింది.

"బ్రూనమ్మా, ఈ నారింజ ఎక్కడిది?"

"చెట్టుది."

"ఏ చెట్టుది?"

"ఏదో ఒక చెట్టుది. నారింజలు చెట్లకే కాస్తాయిగా? కోర్టువాళ్లకి అది కూడా చెప్పాలా?"

"అంటే ఆయన కాయల కోసం రావడం లేదని నీకు మొదటినుంచీ తెలుసా?"

బ్రూనా అటూ ఇటూ చూసి గొంతు తగ్గించింది. "కాయ ఏరడానికి వచ్చినవాడు కాయ వంక చూడాలిగా? ఆయన చూసేది పొయ్యి మండుతోందా లేదా అని. నా మోకాళ్లు పోయాయే గానీ కళ్లు పోలేదమ్మాయ్."

"మరి ఒక్కసారన్నా తెలుసని అనలేదేం?"

"అంటే ఊరికే వచ్చినట్టయిపోతుంది. ఊరికే వచ్చేవాళ్లని నేను గుమ్మం తొక్కనివ్వను. కట్టెలు దానమిస్తే మొహాన కొడతాను. హక్కంటూ వస్తే, కోర్టు వేసిన జరిమానా అంటే, ఏం చేస్తాం? తలుపు తియ్యాల్సిందేగా." చేతికర్ర అటునుంచి ఇటు మార్చుకుంది. "ఫిబ్రవరి వచ్చిందంటే మే దాకా ఏమీ రాలదు. రాలకపోతే ఆ మహానుభావుడు గేటు బయటే నిలబడి చెట్టు కొమ్మల వంక చూస్తుంటాడు, లోపలికి రాడు. హక్కు లేదుగా మరి! మంచులో ఆ వయసులో... అందుకని నేనే ఒకటి పడేస్తున్నా. బజారులో కొన్నది."

"ఆయన కనిపెట్టలేదా?"

"ఒకసారి దుకాణం స్టిక్కర్ తియ్యడం మర్చిపోయా. చూశాడు. మెల్లగా ఒలిచి జేబులో వేసుకున్నాడు. 'ఓక్ కాయ అంటే సమస్త ఫలాలూ,' అని రసీదు రాశాడు."

నలభై ఏళ్ల వృత్తిలో వకీలు ఓలిందో తోనీనిగారు కోర్టుకు దాఖలు చేయకుండా దాచిన సాక్ష్యం అదొక్కటే. ఎర్సీలియా కార్యాలయానికి తిరిగి వచ్చి, ఆయన నలభై మూడు పేజీల మీద తన సంతకంతో ఒక్క పేజీ పెట్టి, కౌన్సిల్‌కు పంపింది. ఆ పేజీ ఇది:

"కౌన్సిల్ అధ్యక్షులవారికీ, చెట్ల విభాగం ఇంజనీరుగారికీ. పొరుగువారికి ఇబ్బంది అని రాశారు. మీరు చూపిన ఆ పాత నియమం ప్రకారమే, వంగిన కొమ్మను కొట్టించమని అడగవలసింది ఆ కొమ్మ కింద ఉన్నవారు. అటువంటి ఫిర్యాదు పదకొండేళ్ల కాగితాల్లో ఒక్కటీ లేదు. ఉంటే నా దగ్గర ఉండేది. మీరు పంతొమ్మిది వ్యాజ్యాలు చదివారు. రెండు వేలకు పద్దెనిమిది తక్కువగా ఉన్న రసీదులు చదవలేదు. అన్నింటి మీదా రెండు సంతకాలు ఉన్నాయి, ఏ ఒక్కటీ తప్పిపోలేదు. దీన్ని కలహం అంటారా? ఉత్తర్వు రద్దు చేయండి. కార్లు చర్చి వెనక నిలుపుకోండి. రద్దుకు మనసొప్పకపోతే ఇరవై ఎనిమిదికి ముందే, ఆయన వచ్చే రోజు చూసుకుని, ఉదయం పది గంటలకు ఆ గేటు దగ్గరికి రండి. రంపం తేవద్దు. గడ్డి తొక్కుతారు కాబట్టి తలా రెండు మోపుల కట్టెలు తెండి. బూట్లు దులుపుకోండి. అక్రోటు చెట్టు కింద నారింజ కనిపిస్తే, ఎలా కాసిందని ఆ ఇద్దరిలో ఎవరినీ అడగవద్దు. రసీదు మీద సాక్షి సంతకం పెట్టి వెళ్లండి."