మొహానికి మట్టి, వీధికి టాంకరు

ఆ రోజుల్లో అంటే మరీ తాతల కాలం అనుకునేరు, గట్టిగా ఏడేళ్ళ కిందటి మాట. అప్పట్లో నాకు రెండు గట్టి నమ్మకాలు ఉండేవి. ఒకటి, నా గొంతు దేవుడిచ్చింది కాబట్టి దానికి నేను చేయాల్సిందేమీ లేదు. రెండు, నా మొహం కూడా దేవుడే ఇచ్చినా, ఆ పూట ఆయనకేదో తొందర పని తగిలి సగంలో వదిలేసి వెళ్ళాడు కాబట్టి మిగతా పని నేనే పూర్తి చేసుకోవాలి. ఈ రెండో నమ్మకం నాకు పుట్టుకతో వచ్చింది కాదు. డిగ్రీ చదివిన మూడేళ్ళలో హాస్టల్ అద్దం ముందు నిలబడి, ఫోన్లో తెల్లతెల్లటి ఆడపిల్లల వీడియోలు చూసి, కష్టపడి సంపాదించుకున్నది.

మాది కోసిగి. వానలు మొహం చాటేసిన ఏడాది మా ఊళ్ళో సగం మంది గుంటూరు మిరప చేలకు పోతారు. మా అమ్మా నాన్నా ఆ జట్టులోనే పోయేవాళ్ళు. ఉద్యోగం వెతుక్కుంటానని నేను కడపలో మా చిన్నమ్మ ఇంట్లో దిగబడ్డాను. నాకున్న అర్హత ఒక్కటే. చిన్నప్పటి నుంచి మా ఊరి చర్చిలో ఆదివారం వాక్యం చదివేది నేనే. మైకు లేకపోయినా ఆఖరి వరుసలో కునికే ముసలాయన కూడా నిటారుగా కూర్చునేవాడు. (భక్తితో కాదు, ఉలిక్కిపడి.) అందుకని కడపలోని ఒక కేబుల్ ఛానల్లో 'వార్తలు చదువుటకు అమ్మాయిలు కావలెను' అని చూడగానే అది నా కోసమే వేశారనుకున్నాను. కింద ఇంకో ముక్క ఉంది: 'ముఖవర్చస్సు గలవారికి ప్రాధాన్యం.' గొంతు గురించి, చదువు గురించి, తెలుగు తప్పుల్లేకుండా పలకడం గురించి ఒక్క అక్షరం లేదు. బుద్ధి ఉన్నదైతే అక్కడే అనుమానించేది. నేను వెంటనే గుంటూరుకు ఫోన్ చేసి, "అమ్మా, నేను టీవీలో కనపడబోతాండా," అని చెప్పేశాను. మా అమ్మ చేలో ఉన్న ముప్ఫై మందికీ చెప్పేసింది. ఇక వెనక్కి తగ్గే దారి లేకుండా పోయింది.

మొహం బాగుచేసే బాధ్యత మా చిన్నమ్మ కూతురు తీసుకుంది. దాన్ని ఇంట్లో అందరం ఫోన్ డాక్టర్ అనేవాళ్ళం. ఇంటర్ చదువుతూ, ఎవరికి తుమ్మొచ్చినా ఫోన్లో మందు వెతికేది. అది ఒక మట్టి పొట్లం తెచ్చింది. పొట్లం మీద ఇంగ్లీషులో చాలా ఉంది, లోపల మాత్రం బూడిదరంగు మట్టే. మా ఊళ్ళో పొయ్యి అలికే మన్నుకూ దీనికీ తేడా ఏమిటని అడిగితే, "ఇది పొట్లంలో ఉండాది కదక్కా," అంది. తిరుగులేని జవాబు. రోజ్ వాటరు, నిమ్మకాయ రసం, ఇంకా ఏదో పొడి కలిపి, "పది నిమిషాలని రాసినారు గానీ, ఎంత సేపుంచితే అంత మెరుపు. ఒకటే గుర్తుపెట్టుకో. ఎండేదాకా మాట్లాడకూడదు, నవ్వకూడదు. మొగం కదిలిందంటే ముడతలు పడి అట్లే ఉండిపోతాయంట," అని బెదిరించింది. ఇరవై రెండేళ్ళకే ముడతలా?

ఇక్కడ మా చిన్నమ్మ వాళ్ళ వీధి రాజ్యాంగం చెప్పాలి. ఎండాకాలంలో ఆ వీధికి నీళ్ళు రోజు విడిచి రోజు టాంకరులో వస్తాయి. ముందు రోజు సాయంత్రమే అందరూ బిందెలు వరుసగా పెట్టేస్తారు. టాంకరు రాగానే వీధంతా ఖాలా అని, అంటే పిన్ని అని, పిలుచుకునే పెద్దదిక్కు (చివరి ఇంట్లో గాజుల వ్యాపారం చేసే ఆవిడ, ఆమె మాటకు కార్పొరేటరు కూడా ఎదురు చెప్పడు) ఒక కర్రతో ఒక్కో బిందెనూ తట్టి, "ఎవురిది?" అని అడుగుతుంది. బిందె గలవాళ్ళు "నాది" అని నోటితో పలకాలి. మూడుసార్లు అడిగేలోగా పలకలేదో, ఆ బిందె వరుస చివరికి పోతుంది. చివరి దాకా టాంకరులో నీళ్ళు ఎన్నడూ మిగలలేదు. పక్క లైనువాళ్ళు దొంగతనంగా బిందెలు చొప్పిస్తున్నారని పెట్టిన పద్ధతి ఇది. ఆ ఇంట్లో తిండి తింటున్నందుకు నాకు అప్పగించిన ఒకే ఒక్క పని, మా బిందె దగ్గర పలకడం.

ఛానల్ వాళ్ళు రమ్మన్న రోజు పొద్దున ఆరున్నరకు ఫోన్ డాక్టర్ నా మొహానికి, మెడకు మట్టి మెత్తి ట్యూషనుకు పోయింది. కడుక్కోవడానికి ఒక బకెట్ నీళ్ళు దాచిపెట్టుకున్నాను. టాంకరు ఎనిమిదికి గదా, ఏడున్నరకల్లా మెరిసిపోతూ వెళ్ళి పలుకుతానని నా లెక్క. ఏడింటికి స్నానాల గదిలోంచి బాబాయి తల తుడుచుకుంటూ బయటికి వచ్చాడు. లోపలికి చూస్తే నా బకెట్ బోర్లించి ఉంది. నోరు తెరవకూడదు కాబట్టి నేను గోడను అరచేత్తో బాదాను. "ఏందమ్మా, తేలు కుట్టిందా?" అన్నాడాయన, చల్లగా. వంటింట్లో తాగే నీళ్ళ క్యాను వైపు అడుగేస్తే చిన్నమ్మ దానికి అడ్డంగా నిలబడింది. "తాగే నీళ్ళతో మట్టి కడుగుతావా? దేవుడు చూస్తాండాడు," అంది. సరిగ్గా అప్పుడే టాంకరు హారన్ వినబడింది. ఆ రోజే, నా ఖర్మకు, ముప్పావు గంట ముందు!

బూడిదరంగు మొహంతో వీధిలో పరుగెత్తాను. ఖాలా అప్పటికే మా బిందె దాకా వచ్చేసింది. "ఎవురిది?" అంది. నేను చెయ్యెత్తాను. "చెయ్యి కాదమ్మా, నోరు!" అంది. గుండెల మీద కొట్టుకుని, బిందె చూపించి, మా ఇంటి వైపు చూపించి, మళ్ళీ గుండెల మీద కొట్టుకున్నాను. ఎవరో, "పాపం మూగపిల్ల, ఇచ్చేయండి," అన్నారు. "మన వీధిలో మూగపిల్ల యాడుంది? పక్క లైనోళ్ళు మొగం కనపడకుండా ఏదో పూసి పంపినారు, ఖాలా," అని ఇంకొకావిడ కనిపెట్టేసింది. ఒక ముసలామె, "అమ్మవారు పోసిందేమో, దూరంగా ఉండండి," అని కొంగు ముక్కుకు అడ్డం పెట్టుకుంది. రెండోసారి పిలుపు అయింది. నా లోపల ముడతలూ నీళ్ళూ కొట్టుకుంటున్నాయి. (ఇప్పుడు తలచుకుంటే సిగ్గేస్తుంది. నిజంగా ముడతల వైపే మొగ్గాను!) మూడోసారి కూడా అయిపోయింది. పక్కావిడ మా బిందెను కాలితో తన్ని పక్కకు దొర్లించింది.

కాలితో తన్నడంతో నాలో కోసిగి లేచింది. "ఏయ్! కాలితో తంతావా నా బిందెను? నీ దుడ్లు పెట్టి కొన్నావా? నిన్న పొద్దు గూకక ముందే పెట్టినా ఈడ! యాడికి తోస్తావు, తొయ్యి చూద్దాం!" అన్నాను. దవడ మీది మట్టి బిళ్ళలుగా రాలి బిందెలోనే పడింది. ఖాలా కర్ర కిందపడేసింది. "యా అల్లా! ఇది మన కోసిగి పిల్ల గొంతు గదా! మొగం చూసి ఎవురో అనుకుంటి. మొదలే నోరు తెరిసింటే అయిపోతాండె గదా, బేటీ!" అంది. ఖాలా ఒప్పుకుంది గానీ వెనకవాళ్ళు ఒప్పుకోలేదు. పిలుపు అయిపోయాక పలికితే లెక్కలోకి రాదన్నారు. వస్తుందని నేను. రాదని వాళ్ళు. అరగంట సేపు, ఆ ముప్ఫై ఆడగొంతుల మీద నా ఒక్క గొంతు వినబడేలా, నా జన్మలో ఎన్నడూ చదవనంత స్పష్టంగా, ఒక్క అక్షరం మింగకుండా, పోట్లాడాను. గెలిచాను. ఒక్క బిందె నీళ్ళతో ఇంటికొచ్చి మొహం కడుక్కున్నాను. గంటన్నర పాటు ఎండిన మట్టి ఊరికే పోతుందా? పోతూ పోతూ పై చర్మం తీసుకుపోయింది. అద్దంలో మొహం పండు మిరపకాయలా ఉంది. "చిన్నమ్మా," అని పిలవబోతే గొంతులోంచి గాలి మాత్రమే వచ్చింది.

ఛానల్ ఆఫీసు నాపబండల దుకాణం మీద రెండు గదులు. అక్కడి మేనేజరుకు మనసులో పౌడరాయన అని పేరు పెట్టుకున్నాను, ఎందుకంటే ఆయన మొహం ఒక రంగు, మెడ ఇంకో రంగు, రెంటి మధ్య సరిహద్దు గీత స్పష్టంగా ఉంది. ఒక కాగితం ఇచ్చి చదవమన్నాడు. "నమస్కారం" అనబోయాను. ఎండిపోయిన బోరింగు కొట్టినట్టు రెండు కీచుమన్న శబ్దాలు వచ్చాయి. "గొంతు పనికిరాదమ్మా," అన్నాడు. నా జీవితంలో ఎవరూ ఒక్కసారైనా వంక పెట్టని గొంతు అది. కళ్ళలో నీళ్ళు తిరిగాయి. ఆయన మాత్రం నా మొహం వైపు తలొంచి పరీక్షగా చూసి, "ఆగాగు, మొహం మాత్రం సరిగ్గా కావలసినట్టుంది. ఒక ప్రకటన ఉంది. ఫొటో తీసుకుందాం. నవ్వద్దు," అన్నాడు. ఏ ప్రకటన అని అడగాలని నాకు తోచలేదు. అడుగుదామన్నా గొంతు లేదు. మట్టి పనిచేసిందని మాత్రం అనుకున్నాను!

వారం తర్వాత వార్తల మధ్య ప్రకటన వచ్చింది. ఊళ్ళో ఒక బ్యూటీ పార్లరువాళ్ళు అమ్మే మట్టి ప్యాకు. ఎడమవైపు ఎర్రగా కందిపోయిన నేను, కింద 'వాడక ముందు'. కుడివైపు పాలరాయిలా పౌడరాయన మరదలు, కింద 'వాడిన తర్వాత'. ఆ పిల్ల మట్టి మొహం ఎన్నడూ చూడలేదని, ఆ తెలుపంతా కంప్యూటరులో పూసిందని తర్వాత తెలిసింది. అంటే ఆ ఇద్దరిలో మట్టి వాడినదాన్ని నేనొక్కదాన్నే. వాడినందువల్లే నా మొహం అలా ఉంది. న్యాయంగా 'వాడిన తర్వాత' అని నా కింద రాయాలి. ఆ న్యాయం ఎవరికి చెప్పుకోను? గంటకోసారి ఊరంతా నన్ను చూసి 'అయ్యో' అనుకుని, మరదల్ని చూసి 'ఆహా' అనుకునేది. చిన్నమ్మ మాత్రం వీధి వీధంతా పిలిచి చూపించింది. నేను నాలుగు రోజులు గడప దాటలేదు.

ఆ నాలుగు రోజుల్లో ఫోన్ డాక్టర్ చేసిన ఘనకార్యం, ఆ ప్రకటనను వీడియో తీసి గుంటూరులో కూలీల జట్టును చూసుకునే మేస్త్రీ ఫోనుకు పంపడం. అమ్మ ఫోన్ చేసిందనగానే దుప్పటి ముసుగు పెట్టుకుని ఫోన్ అందుకున్నాను. ముప్ఫై మంది ముందు ఆమె తల ఎత్తుకోలేక ఉంటుందనుకున్నాను. అమ్మకు చదవడం రాదని అప్పుడు గుర్తు లేదు.

"చూసినామే, అందరం చూసినాం," అంది అమ్మ. గొంతు నిండా సంతోషం. "పాపం, ఆ తెల్లపిల్ల ఎవురే? జరమొచ్చి రగతం చచ్చిపోయినట్టుండాది. ఆ మట్టి పూసినాక చూడు, నీ మాదిరి ఎర్రగా, కళకళలాడతా అయింది. శానా మంచి మందే! మేస్త్రీ పెండ్లాము కూడా కావాలంటాంది."

అవతల ఫోన్లో మిరప కోసే ఆడవాళ్ళంతా అవునవునంటున్నారు. నేను నోటికి పైట అడ్డం పెట్టుకుని నవ్వానో ఏడ్చానో నాకే తెలియలేదు. తప్పు దిద్దలేదు. దిద్దాల్సిన తప్పు అందులో ఏముందని?

నా గొంతు పదిరోజులకు తిరిగొచ్చింది. ఇప్పుడు బస్టాండులో మైకు ముందు కూర్చుని ఏ బస్సు ఏ ప్లాట్‌ఫారానికి వస్తుందో చెబుతుంటాను. వేలమంది వింటారు, ఒక్కరూ చూడరు. నాకదే హాయి. ఆ వీడియో ఫోన్ డాక్టర్ దగ్గర ఇంకా ఉంది. మొన్న ఏదో వెతుకుతుంటే కనపడింది. నవ్వద్దని పౌడరాయన అంత గట్టిగా చెప్పినా, ఆ కందిపోయిన మొహం పిల్ల పెదవి చివర చిన్నగా నవ్వుతూనే ఉంది, టీవీలో అమ్మకు కనపడబోతున్నానని. పిచ్చిమొద్దు. ఎంత ముద్దొచ్చిందో.