సన్నజల్లుకు తలస్నానం

మార్చి 4, బుధవారం. మాంచెస్టర్‌లో పొద్దుటి నుంచీ సన్నజల్లు. రెండిళ్ల చెత్త బిన్‌లూ రోడ్డు మీద పెట్టాను. పక్కింటి అక్క పోయిందని వాళ్లమ్మాయి ఫోను చేసి రెండు వారాలయింది. ఆమె బిన్‌లో ఇప్పుడేమీ ఉండదు. అయినా పదకొండేళ్ల అలవాటు.

అక్కది ఫిలిప్పీన్స్. నర్సుగా వచ్చి ఇక్కడే రిటైరయింది. మా ఆవిడ నేర్పిన 'తమ్ముడూ' ఒక్కటే తెలుగు, మిగతాదంతా ఇంగ్లీషు.

వాళ్ల ఊళ్లో కుంభవృష్టికి ఎవరూ భయపడరట. పిల్లలు వీధిలోకొచ్చి గంతులేస్తారట. భయమల్లా సన్నజల్లుకే. అది నడినెత్తిన పడితే జ్వరం ఖాయం. తడిసినవాడు ఇంటికి రాగానే తల నిండా నీళ్లు పోసుకోవాలి. ఈ ఊళ్లో అది పాటిస్తే రోజుకు మూడు తలస్నానాలు. నేను బస్ డిపో నుంచి రావడం ఆలస్యం, కంచె మీదుగా అడిగేది.

"తమ్ముడూ, తలస్నానం అయిందా?"

"అయిందక్కా."

"జుట్టు పొడిగా ఉందే."

"హెయిర్ డ్రయ్యర్ పెట్టాను."

"ఉన్న నాలుగు వెంట్రుకలకా?"

ఒక చలికాలం నిజంగానే మంచాన పడ్డాను. జీపీ డాక్టరు వైరస్ అన్నాడు. అక్క అల్లం దండిగా వేసిన చికెన్ జావ తెచ్చి, "నువ్వు తడుస్తూ రావడం ఆయన చూడలేదు, నేను చూశాను" అంది.

వాళ్ల దేశంలో పెనుగాలి వీచే రోజుల్లో మాత్రం పరాచికాలు ఉండేవి కావు. ఫోను చెవిన పెట్టుకుని కిటికీ దగ్గర నిలబడేది. "ఇక్కడి గాలికి బిన్ ఎగురుతుంది తమ్ముడూ, అక్కడ ఇంటికప్పు ఎగురుతుంది." అవతల చెల్లెలు పలికేదాకా కూర్చునేది కాదు.

ఈ దేశంలో ఇన్నాళ్లు పడుతుంది, ఇవాళ అంత్యక్రియలు. శ్మశానంలో అందరూ గొడుగులు తెరిచారు. శవపేటిక మోసినవాళ్లలో నేనొకణ్ణి, గొడుగు పట్టే చెయ్యి లేదు. తల తడిసింది.

"ముందు స్నానం చెయ్యండి" అంది మా ఆవిడ, గుమ్మంలోనే. చావుకెళ్లి వస్తే మనకూ తలస్నానమే. ఆ నీళ్లు పోసుకుంటే అక్కను వదిలేసినట్టే అనిపించింది. అందుకే గంట నుంచీ తడితలతో కూర్చుని ఇది రాస్తున్నాను.

కంచె అవతల ఆమె కిటికీ అద్దం నిండా జల్లు. బాత్‌రూంలో బకెట్ నిండుతున్న చప్పుడు. పదకొండేళ్లు 'అయిందక్కా' అని అబద్ధం చెప్పాను. ఇవాళ నిజంగానే తలస్నానం చేసొస్తానక్కా.