ఆమె పక్కన జాగ

మా ఇంటామెను ఖబరస్తాన్‌లో వేపచెట్ల కింద పెట్టాం. ఎంత చల్లటి చోటు దొరికిందో అని అందరూ అన్నారు. ఏం చల్లదనమో, ఆ నీడలో సబ్జా బతకదు. గోరి మీద సబ్జా మొక్క పెట్టడం మాలో ఆనవాయితీ. రెండుసార్లు పెట్టాను. ఎండ తగలక సన్నగా సాగి చచ్చిపోయాయి.

బట్టలు కుట్టుకునే వాడిని, మొక్కల సంగతి నాకేం తెలుసు? అదంతా ఆమెది. బట్టలుతికే బండ వెనక, ఎండ పొడ పడని చోట సరస్వతి ఆకు పెంచేది. ములుగులోని పుట్టింటి నుంచి తడిగుడ్డలో చుట్టి తెచ్చింది. తడి ఉంటే చాలు, ఏడాదంతా పచ్చగా నేల మీద పాకుతూ, కణుపు కణుపుకూ వేరు పెట్టేది. "ఆకులకు నీళ్లు పోస్తనే ఉంటవ్, నాకు జర చాయ్ పోస్తవా?" అని సతాయించేవాణ్ణి. ఇప్పుడు చాయ్ నేనే పెట్టుకుంటున్నాను. బాగుండదు.

వేళ్ళతో సహా నాలుగు తీగలు తీసుకుపోయి గోరి మీద నాటాను. రోజూ సైకిల్‌కు నీళ్ళ డబ్బా కట్టుకుని పోయేవాణ్ణి. వానాకాలం అయిపోయేసరికి మట్టి కనబడకుండా కమ్ముకుంది.

ఆమె పక్కన జాగ ఖాళీగా ఉంది. నా కోసం ఉంచమని కమిటీ పెద్దను అడిగితే నవ్వాడు.

"గిదేమన్న బస్సా చాచా, రుమాలేసి సీటు ఆపుకోనీకె? ఎవలు ముందు పోతే వాళ్లకే."

న్యాయమే. కానీ ఆ రోజు అన్నం దిగలేదు. పోయాక కూడా మధ్యలో ఎవరో పరాయి మనిషి ఉంటే, నేను అవతల ఎక్కడో ఒక్కణ్ణే పడుకోవాలా అని ఏడుపొచ్చింది.

మొన్న వేసవిలో ఒక పొద్దున నేను నీళ్ళు పోస్తుంటే, ఎవరో పోయారని గోరీలు తవ్వే అతను గడ్డపార పట్టుకుని వచ్చాడు. వరంగల్ ఎండలకు అంతటా గడ్డి మాడిపోయింది గానీ, మా ఆకు మాత్రం ఆమె హద్దు దాటి పక్క జాగంతా పరుచుకుని ఉంది. అతను దాని ముందు ఆగాడు.

"ఈడ గూడ మీవోళ్లేనా చాచా?"

"మావోళ్లే," అన్నాను.

అబద్ధం కాదు, కాస్త ముందుగా చెప్పానంతే. అతను సలాం చేసి అవతలి చెట్టు కిందికి పోయాడు. డబ్బాలో మిగిలిన నీళ్ళు నా జాగ మీద పోశాను. సీటైతే దొరికింది. ఎక్కేదాకా ఇంట్లో ఒక్కణ్ణే ఉండాలి.