లోపలి అర్రలో లిల్లీ గడ్డ

శనివారం పొద్దున ఏడు గంటలకు, బొగ్గు గనిలో రాత్రి షిఫ్టు దిగి వచ్చిన బాపు నా చేతిలో ఒక లిల్లీ గడ్డ పెట్టాడు. నాకప్పుడు తొమ్మిదేళ్లు, బడి మొహం చూడలేదు.

"ఇది పూసిననాడు నిన్ను బడికి పంపిస్త."

"వాకిట్ల పెట్టాల్నా బాపు?"

"బొగ్గు దుమ్ము పడి సస్తది. లోపలి అర్రల పెట్టు."

కిటికీ లేని అర్ర అది. మొక్క నెల తిరగకుండానే నా మోకాలు దాటింది. తొందరగా పెరుగుతోందని సంబరపడ్డాను. పాలిపోయి సాగిన ఆ మొక్క మొగ్గ వేయకుండానే ఒరిగిపోయింది.

బాపు నవ్వాడు. "దానికే నిలవడ శాతగాలె, నీకెందుకే సదువు? తమ్మున్ని ఎత్తుకో పో."

నిన్న నా మనవరాలు కిటికీలో పెంచిన లిల్లీ పూసింది. కాడ పొట్టిగా, గట్టిగా ఉంది. "వెలుగు చాలకుంటే సాగి పడిపోతది అమ్మమ్మా" అంది.

ముసలితనంలో అక్షరాలు నేర్చుకున్నాను కాబట్టి ఇప్పుడు రాస్తున్నాను. వెలుగు చొరని బొగ్గు బాయిలో పచ్చనిదేదీ మొలవదని రోజూ చూసే మనిషికి ఆ సంగతి తెలియదా?

గడ్డ ఇచ్చిననాడు ఇంట్లో ఉన్నది బాపు, బడి సంచితో అన్న పోచయ్య, నా చంకలో తమ్ముడు రాజేశం, నేను, తల ఎత్తకుండా బియ్యం ఏరుతున్న అమ్మ.