రాస్తారోకోలో చలిదేశపు దోమ

2010 డిసెంబరులో నేను జనగామ మలేరియా యూనిట్‌లో కీటక సేకరణ పనిలో ఉన్నాను. గోడల మీద వాలిన దోమలను గాజు గొట్టంతో పీల్చి పట్టడం, బావుల్లో లార్వాలను, అంటే వాటి పిల్లపురుగులను, గరిటెతో తోడడం, జాతి గుర్తించడం మా పని. నా చదువు ఏడో తరగతి. కీటకశాస్త్రం పాత పుస్తకాలు కొనుక్కుని నేర్చుకున్నాను. మా ఆఫీసరుకు అదే కంటగింపు.

ఆ నెల లింగాల ఘనపూర్ దగ్గర నీడపట్టున ఉన్న దిగుడుబావిలో నేనెన్నడూ చూడనంత పెద్ద దోమలు దొరికాయి. రెక్కల మీద మచ్చలు. నా పుస్తకంలోని కులిసెటా అనే చలిదేశపు దోమ అచ్చం ఇలాగే ఉంది. అది చల్లటి నీడనీళ్లలో గుడ్లను తెప్పలా పేర్చి పెడుతుంది. మంచు కురిసే నెలల్లో ఆడదోమ గుహల్లో, నేలమాళిగల్లో ఒంటి కొవ్వు కరిగించుకుంటూ కదలకుండా బతుకుతుంది. ఈ సంగతి చెబితే ఆఫీసరు నవ్వాడు. హైదరాబాద్ ల్యాబులో చూపించమన్నాడు, తప్పని తేలితే మళ్లీ మందు కొట్టే పంపు మోయాలన్నాడు.

పట్టిన దోమలను డబ్బాలో పెట్టుకుని, లార్వాలున్న సీసాకు తడిగుడ్డ చుట్టి జీపెక్కాను. జనగామ దాటకముందే రాస్తారోకో. తెలంగాణ కోసం నడిరోడ్డు మీద పొయ్యిలు పెట్టి వంటలు చేస్తున్నారు. అడ్డంగా నిలబడ్డ సైకిల్ మెకానిక్ యాకూబ్‌ను బతిమాలాను. ఇది బయటి దేశపు దోమ అని, నీళ్లు వెచ్చబడితే చస్తుందని, వెంటనే హైదరాబాద్ చేర్చాలని చెప్పాను.

“బయటిదైతే హైదరాబాద్‌కు ఎట్ల పంపుతమన్నా? హైదరాబాద్ మనది,” అన్నాడతను.

అన్నం వండుతున్న రాజవ్వ సీసా లాక్కుంది. “గివి యాడ పుట్టినయి బిడ్డా?”

“ఘనపూర్ బావిల్నే అవ్వా.”

“మరి బయటియి ఎట్లయితయి? సదివి సదివి నీ మతి పోయింది.”

దారి కావాలంటే దోమ మనదే అనాలి. అంటే నా ఆవిష్కారానికి నేనే నీళ్లొదలాలి. అన్నాను. అయినా తినకుండా కదలనివ్వలేదు. సీసా పొయ్యి పక్కనే ఉండిపోయింది.

“సస్తయంటివి గదనే. జర సూడు, నీళ్లల్ల ఎట్ల దుంకుతున్నయో,” అన్నాడు యాకూబ్. నేను దాన్ని మరణబాధ అనుకున్నాను.

హైదరాబాద్‌లో ల్యాబు పెద్దాయన లార్వా శ్వాసనాళం చూపించాడు. కులిసెటాకు నాళం మొదట్లో మాత్రమే వెంట్రుకల కుచ్చు ఉంటుంది. నా పురుగులకు నాళం పొడవునా కుచ్చులున్నాయి. ఇది మన ఇళ్లలో కుట్టే మామూలు క్యూలెక్స్ దోమ. చల్లటి నీళ్లలో నెమ్మదిగా పెరిగి పెద్దదైంది. మచ్చలంటే, నేను పట్టేటప్పుడు రెక్కల పొలుసులు రాలిన చోట్లు.

తిరిగొచ్చాక యాకూబ్ అడిగాడు, “మన దోమ ఏమైందే?”

“హైదరాబాద్‌ల ఉంచుకున్నరు.”

“ఉంచుకోకుంట ఉంటరా మరి, మనదే గద.”

ఆ చలికాలమంతా నేను పంపు మోశాను. చలిలో పట్టిన దోమ పెద్దదిగా ఉంటే ముందు నీళ్ల వేడి కొలవాలి. పేరు ఆ తర్వాత పెట్టాలి.