కుట్టు మిషను ఇంకా పుట్టని గది

ఆ పాత బంగళా మ్యూజియంలో ఆవిడ ఉద్యోగం, రెండు వందల ఏళ్ల కిందట బతకడం. పొద్దున పది నుంచి సాయంత్రం అయిదు దాకా. మధ్యలో భోజనానికి అరగంట ఈ కాలంలోకి వస్తుంది. మిగతా సమయమంతా మేడమీది గదిలో ముక్కాలిపీట మీద కూర్చుని, ఆ ఇంటి పనిమనిషిగా యజమానురాలి బట్టలు చేత్తో కుడుతూ ఉంటుంది. టికెట్టు కొనుక్కుని వచ్చినవాళ్లు అడ్డంగా కట్టిన తాడుకి అవతల నిలబడి ఏదడిగినా అప్పటి మనిషిలాగే జవాబు చెప్పాలి. అప్పట్లో లేని వస్తువేదీ ఆవిడకి తెలియకూడదు.

ఒకసారి ఎవరిదో సెల్‌ఫోను మోగితే కిటికీలోంచి తొంగి చూసి, "ఏదో పిట్టండీ" అంది. పైకప్పు కారి నెత్తిన నీళ్లు పడుతుంటే బాగుచేయడానికి హెల్మెట్ పెట్టుకుని వచ్చినవాణ్ణి, "యుద్ధం నుంచి ఎప్పుడొచ్చావు బాబూ?" అని పలకరించింది. పందొమ్మిదేళ్లలో ఒక్కసారి కూడా మాట జారలేదు. తోటివాళ్లు ఆవిడకి 'పాతకాలం' అని పేరు పెట్టారు. "పాతకాలం టీ తాగిందా?" అని అడుగుతుంటారు. ఆవిడ ఏమీ అనుకోదు.

బెంగల్లా అక్క గురించే. అమ్మ పోయిన నెలకి, అమ్మ కుట్టు మిషనుని అక్కకి చెప్పకుండా ఆటోలో వేసుకుని తెచ్చేసుకుంది. అక్క టైలరు. ఆ మిషను మీదే పని నేర్చుకుంది. అడిగితే ఇచ్చేదేమో, ఈవిడ అడగలేదు. అప్పట్నుంచి నాలుగేళ్లుగా మాటల్లేవు. తప్పయిందని చెబుదామని ఎన్నిసార్లు ఫోను చేసినా అక్క తీయలేదు. ఇంటికి వెళితే తలుపూ తీయలేదు.

ఒక ఆదివారం మధ్యాహ్నం అక్కే వచ్చింది. టికెట్టు కొనుక్కుని మరీ. గదిలో ఇంకో పదిమంది ఉన్నారు.

"ఏమ్మా, ఇక్కడ కుట్టుపని నీదేనా?" అంది అక్క.

"అవునండి అమ్మగారూ."

"చేత్తో ఎందుకు అవస్థ? మిషను లేదూ?"

"మిషనంటే ఏంటండీ?"

జనం నవ్వారు. అక్క నవ్వలేదు.

"కాలితో తొక్కితే కుట్టేది. నల్లగా ఉంటుంది. ఆటోలో పడుతుంది."

"అలాంటిది ఇంకా పుట్టలేదండి అమ్మగారూ."

"పుట్టకముందే మాయమైందన్నమాట."

లేచి తాడు దాటి అక్కని పట్టుకుని ఏడవాలనిపించింది ఆవిడకి. ఏడిస్తే పందొమ్మిదేళ్ల పేరు నీళ్లపాలు. ఊరుకుంటే అక్క మళ్లీ ఈ గడప తొక్కదు. ఆవిడ సూది ఆపింది.

"మా అమ్మకి ఒక సూదిపెట్టె ఉండేదండి. అమ్మ పోయాక మా అక్కకి చెప్పకుండా ఎత్తుకొచ్చేశాను. అది తనకే చెందాలి. తనకి పనొచ్చు, నాకు రాదు. అడిగితే వద్దంటుందని భయపడ్డాను. తప్పు చేశానండి."

ఎవరో వీడియో తీస్తున్నారు. ఎవరో ముక్కు చీదారు.

"ఆ మాటేదో మీ అక్కకే చెప్పొచ్చుగా?"

"చెప్పనిస్తేగా! తలుపే తీయదు. ఉత్త మొండిదండి."

"మొండిదా?"

"చిన్నప్పట్నుంచీ అంతే. ఎవర్నైనా అడగండి."

అక్క ఆవిడ చేతిలో బట్టని చూసింది.

"ఆ కుట్టేంటే? పందొమ్మిదేళ్లుగా ఇదేనా వెలగబెడుతున్నది? చూడ్డానికి నాకే సిగ్గుగా ఉంది. జరుగు."

తాడు దాటి లోపలికి వచ్చేసింది. చేతి గడియారం తీసి హ్యాండ్‌బ్యాగులో పడేసి, బ్యాగుని మంచం కిందికి తోసింది. రెండో పీట లాక్కుని కూర్చుని కుట్లన్నీ విప్పడం మొదలుపెట్టింది.

గార్డు పరుగున వచ్చాడు. "అమ్మా, వేషం వేసుకున్నవాళ్లే లోపల ఉండాలి!"

"పని చెయ్యనివ్వవయ్యా."

గార్డు 'పాతకాలం' వైపు చూశాడు. ఆవిడ తల దించుకుని, "పెద్దదండీ. మనం చెబితే వినదు," అంది.

తాడు అవతల నుంచి ఒకావిడ అడిగింది: "మీరేమవుతారండీ ఈ ఇంట్లో?"

"దీని అక్కని. రెండు వందల ఏళ్లుగా దీంతో వేగుతున్నాను."

అయిదింటికి గంట కొట్టారు. జనం మెట్లు దిగిపోయారు. ఇక ఏ కాలం మాటైనా మాట్లాడుకోవచ్చు.

"దారం ఎక్కించవే, నాకు చూపు ఆనడం లేదు," అంది అక్క.

చెల్లెలు సూది అందుకుంది.