బంతి యాడుండాది పాపా?

మా మామ పోయిన కబురు వచ్చినప్పుడు నేను మేకలకు నీళ్లు పెడుతున్నాను. నంద్యాల ఆసుపత్రి నుంచి మా ఆయన ఫోన్ చేశాడు. "నాయన పోయినాడు, తెల్లారుజామున" అన్నాడు. నేను నోరు తెరిచేలోపలే, "తమ్మునికి ఎవురూ ఫోన్ చెయ్యాకండి. సాయంత్రం వాని ఆట అయిపోయినాక నేనే చెప్తా" అని పెట్టేశాడు.

మా అత్త గడపలో కూర్చొని బియ్యం ఏరుతోంది. నా ముఖం చూసి చాట కింద పెట్టింది.

"పోయినాడా?"

తల ఊపాను. అత్త ఏడవలేదు.

"చిన్నోనికి చెప్పినారా?"

లేదన్నాను. అప్పుడు ఏడ్చింది.

మాది ఆళ్లగడ్డ. మామను మా ఊళ్లో చాలామంది ఎరుగుదురు. నంద్యాల బస్సు ఏళ్ల తరబడి ఆయనే నడిపాడు. వయసులో ఉన్నప్పుడు నంద్యాలలో మిషన్ బడి మైదానంలో ఫుట్‌బాల్ ఆడేవాడని, గోలు కాపలా ఆయనదేనని ఆ కాలంవాళ్లకు మాత్రమే తెలుసు. నేను ఈ ఇంటికి వచ్చేటప్పటికి ఇవేవీ లేవు. షుగరు ఆయన కళ్లు తీసుకుంది, ఉద్యోగం తీసుకుంది. ఆ తర్వాత మూత్రపిండాలు కూడా పాడై, వారం వారం నంద్యాలకు పోయి రక్తం శుభ్రం చేయించుకొని రావలసి వచ్చింది.

మా పుట్టింటి దిక్కు, కొలిమిగుండ్ల పల్లెల్లో, కోడలు మామకు ఎదురుపడి మాట్లాడదు. ఇక్కడా అంతే అనుకున్నాను. పైగా నాకు నోరు తక్కువ, చదువూ ఐదో తరగతితోనే ఆగిపోయింది. అన్నం పెట్టినప్పుడు కంచం నేలకు తాకించి చిన్నగా చప్పుడు చేసేదాన్ని. ఆ చప్పుడును బట్టి మామ చెయ్యి చాచేవాడు. అదే మా మాట. పెళ్లయిన చాలా కాలం వరకు మా ఇద్దరి మధ్య ఆ కంచం చప్పుడు తప్ప వేరే మాట లేదు.

మాట తెచ్చింది నా మరిది ఆట.

మరిది కూడా గోలుకీపరే. దూరాన వేరే రాష్ట్రంలో ఒక జట్టులో ఉన్నాడు. నిరుడంతా బయట బల్ల మీద కూర్చున్నాడు. ఈసారి పెద్ద గోలుకీపరుకు భుజం దెబ్బ తగలడంతో ఇతన్ని నిలబెట్టారు. అదీ మామూలు ఆటలకు కాదు, దేశంలో ఉన్న జట్లన్నీ ఆడే కప్పుకు. ఆ కప్పులో ఒక్క ఆట ఓడితే చాలు, మూట కట్టుకొని ఇంటికి రావడమే. గెలిచినవాడికే ఇంకో ఆట.

ఆట ఫోన్‌లో వచ్చేది. అందులో మాట్లాడేవాళ్ల భాష మాకెవరికీ రాదు. మా ఆయన ఆటో మీద బయట ఉంటాడు. మొదటి ఆట మామకు అత్త చెప్పబోయింది.

"బిడ్డ చిక్కిపోయినాడు" అంది.

"వాడు చిక్కింది కాదు, బంతి యాడుండాది చెప్పు!" అన్నాడు మామ.

"బంతిని చూస్తే వాడు కనపడడు, వాన్ని చూస్తే బంతి కనపడదు. నేనేం జెయ్యాల?"

"నువ్వు లేసి పో తల్లీ. పాపా, నువ్వు రా."

తలుపు వెనక నుంచి రాకుండానే ఫోను పట్టుకొని నిలబడ్డాను. "బంతి ఆడుండాది" అన్నాను. నా గొంతు నాకే వినపడలేదు.

"ఆడంటే యాడ?"

"ఆ... పక్కన."

 మామ మెల్లగా, బస్సులో దారి తెలియనివాళ్లకు చెప్పినట్లు చెప్పాడు. "ఇట్ల జెయ్యి పాపా. మన వాకిలే ఆ మైదానం అనుకో. మన ఇంటి తలుపు మన గోలు. బయటి గేటు వాళ్ల గోలు. నడుమ నీళ్లతొట్టి. వాళ్ల దిక్కు కోళ్లగూడు, మన దిక్కు బట్టల బండ. ఎడమకు మేకల కొట్టం, కుడికి గోడ. ఇప్పుడు చెప్పు, బంతి యాడుండాది?"

ఆ వాకిలి నేను రోజూ ఊడ్చేదే. చూశాను. "కోళ్లగూడు కాడ" అన్నాను. "తొట్టి దాటింది. కొట్టం పక్కన పోతాండారు. బండ కాడికి వచ్చినారు మామా!"

మామా అని పిలిచింది అదే మొదటిసారి. ఆయన పట్టించుకోలేదు. దుప్పటి కింద రెండు చేతులూ కదులుతున్నాయి. కొట్టం అంటే ఎడమకు, గోడ అంటే కుడికి. మంచం మీద పడుకొని గోలు కాస్తున్నాడు.

బట్టల బండకు ఆ ఇంట్లో ఒక కథ ఉంది. మరిది చిన్నప్పుడు మామ ఆ బండ పక్కన బంతి పెట్టి తన్నేవాడట. పిల్లవాడు తలుపుకు అడ్డం నిలబడి పట్టేవాడట. తలుపు చెక్క మీద కింద భాగమంతా ఆ దెబ్బల మచ్చలే. రంగు వేయిద్దామని మా ఆయన అంటే మామ ఒప్పుకోలేదు. కళ్లు పోయాక ఆ మచ్చలను వేళ్లతో తడుముకుంటూ లోపలికి వచ్చేవాడు.

ఆయన నాకు నేర్పింది ఒకటే. "చూసింది చెప్పు. అనుకునింది చెప్పాకు. కనపడకుంటే కనపడలేదని చెప్పు." ఎవరైనా బాగా ఆడితే నేను మురిసిపోయి ఏదో అనబోతే, "అది నేను అనుకుంటాలే" అనేవాడు.

జట్టు గెలుస్తూ పోయింది. మామ తగ్గిపోతూ వచ్చాడు. కాళ్లు వాచాయి, తిండి సయించలేదు. చిన్నోన్ని పిలిపిస్తానని అత్త అంటే మామ ఒక్కసారిగా కోప్పడ్డాడు.

"వాడు ఈడికి వచ్చి ఏం జేస్తాడు? నా కాళ్లు పిసుకుతాడా? ఇప్పుడు వస్తే ఆ జాగాలో ఇంకోడు నిలబడతాడు. మళ్లా బల్ల మీద కూర్చోవాల."

"నిన్ను చూస్తాడు" అంది అత్త.

"మా నాయన పోయినప్పుడు నేను ఆట ఇడిసిపెట్టి వచ్చినా. జిల్లా జట్టుకు ఎంచుకునే దినం అది. వచ్చి ఏం జేసినా? పిడికెడు మన్ను ఏసినా. నేను ఎయ్యకుంటే మన్నుకు కరువా?" అన్నాడు. తర్వాత గొంతు తగ్గించి, "ఓడిపోతే వాడే వస్తాడు. అంతవరకు నాకు బాగుందని చెప్పండి" అన్నాడు.

ఆ రోజు నుంచి మా ఇంట్లో ఓటమికి, గెలుపుకు అర్థాలు మారిపోయాయి. ఆట ఉన్న రోజు అత్త చర్చి గుడికి పోయి మోకరించేది. ఏమని ప్రార్థించేదో నేను అడగలేదు. తెలుసు కాబట్టి అడగలేదు.

సెమీఫైనల్ నాడు మామకు నంద్యాలలో రక్తం శుభ్రం చేయించి బస్సులో తీసుకొస్తున్నాను. ఆయన కిటికీ కమ్మికి తల ఆనించుకొని ఉన్నాడు. నా చేతిలో ఫోను, అందులో ఆట అప్పటికే సగం అయింది. బస్సు నిండా మనుషులు. నాకు వాళ్లలో గొంతెత్తాలంటే ప్రాణం పోయింది. మామ మోచేత్తో పొడిచాడు.

"యాడుండాది పాపా?"

"తొట్టి కాడ" అన్నాను గుసగుసగా.

"ఇంజను మోతలో ఏం వినపడుతుంది? గట్టిగా!"

కళ్లు మూసుకొని తెరిచి గట్టిగా అన్నాను. "కోళ్లగూడు దాటినారు! కొట్టం పక్కన వస్తాండారు! ఇద్దరుండారు! బండ కాడికి వచ్చినారు మామా, తలుపు కాడికి వచ్చినారు!"

ముందు సీటులో మహానంది నుంచి వస్తున్న ఒక పెద్దామె చటుక్కున వెనక్కి తిరిగింది. "అయ్యో బిడ్డా, ఇంట్లో ఎవురూ లేరా? పోలీసోళ్లకు ఫోన్ కొట్టు బేగా!" అంది. కండక్టరు మనుషుల్ని తోసుకుంటూ వచ్చాడు. "ఏందమ్మా, దొంగలా? ఫోన్‌లో కనపడతాండారా? ఎంతమంది?"

మామ నవ్వాడు. ఆ నెలల్లో ఆయన నవ్వడం అదొక్కసారే చూశాను. "దొంగలు గాదప్పా, ఆటగాళ్లు. తలుపు కాడ నా కొడుకుండాడు. ఎవున్నీ లోపలికి రానియ్యడు" అన్నాడు.

తర్వాత బస్సంతా నా మాటే విన్నది. ఆట సమానంగా ముగిసింది. అట్లయితే ఒక్కొక్కడే వచ్చి, గోలుకీపరు ఎదురుగా బంతి పెట్టి తంతాడు. బట్టల బండ పక్కన మామ పెట్టినట్లే. శిరివెళ్ల దాటాక ఆఖరివాడు బంతి పెట్టాడు. పరిగెత్తుకొచ్చాడు. అంతే, బొమ్మ ఆగిపోయింది.

"చెప్పు" అన్నాడు మామ.

"కనపడలేదు మామా."

"సరే" అన్నాడు.  ఆయన భుజం నా మీదికి ఒరిగింది. గోడ దిక్కుకు, కుడికి. రెండు చేతులూ ఒళ్లో దగ్గరగా మూసుకున్నాయి. బొమ్మ తిరిగి వచ్చేసరికి మరిది నేల మీద కుడి పక్కకు పడి ఉన్నాడు, బంతి కడుపు కింద ఉంది, జట్టంతా వచ్చి అతని మీద పడుతోంది. అదే చెప్పాను. బస్సులో చప్పట్లు కొట్టారు. కండక్టరు విజిల్ వేశాడు.

ఇంటికి రాగానే అత్త అడిగింది. "ఏమయింది?"

"గెలిచినారు."

"ఐతే వాడు రాడు" అని లోపలికి పోయింది.

ఆయాసం ఎక్కువై ఆసుపత్రిలో చేర్చాక, ఆ ఫైనల్ నాటి పొద్దున్నే మామ పోయాడు.

శవాన్ని నంద్యాల నుంచి వ్యాన్‌లో తెచ్చి, ఐస్ పెట్టెలో ఉంచి తలుపు ముందు పెట్టారు. వాకిట్లో షామియానా వేశారు. మధ్యాహ్నం అత్త ఫోను చేతిలోకి తీసుకుంది. మా ఆయన అడ్డం పడ్డాడు.

"నాయన వద్దన్నాడుమా."

"నాయన పోయినాడు. ఇంకా ఆయప్ప మాట ఏందిరా? వాడు నా బిడ్డ. రేపు నన్నడిగితే నేనేం జెప్పాల?" అని నా వైపు తిరిగింది. "నువ్వు జెప్పు. కడాకు మాట్లాడింది నీతోనే గదా. ఏమన్నాడు?"

బంధువులంతా నన్నే చూశారు. నాకు లోపల అత్త మాటే న్యాయంగా తోచింది. కానీ ఆమె అడిగింది మామ అన్నది, నేను అనుకున్నది కాదు. "ఆసుపత్రికి బండి ఎక్కేముందు నా చెయ్యి పట్టుకొని, నాకేమన్నా అయితే గూడ ఆట అయిపోయేదాకా వానికి చెప్పాకండి అన్నారత్తా" అన్నాను. అత్త ఫోను కింద పెట్టింది. ఆ మాట నేను చెప్పడం మంచో చెడో ఈ రోజు వరకు తేల్చుకోలేదు.

సాయంత్రం అందరూ టీలు తాగుతూ ఉండగా నేను ఐస్ పెట్టె పక్కన కూర్చొని ఫోను తెరిచాను. ఎవరూ వద్దనలేదు. కొంగు నోటికి అడ్డం పెట్టుకొని మెల్లగా చెప్పాను. బంతి తొట్టి కాడుందని, గూడు కాడికి పోయిందని, వెనక్కి వచ్చిందని. అద్దంలో నుంచి ఆయన చేతులు కనపడుతున్నాయి. బొటనవేళ్లు రెండూ తెల్లగుడ్డతో కట్టేశారు. ఆట ముగియబోతుండగా ఒకడు బండ దగ్గరి నుంచి తన్నాడు. "గోడ దిక్కు మామా" అన్నాను. మరిది దూకాడు. అందలేదు.

ఒక్క గోలుతో ఓడిపోయారు. అత్త వచ్చి పెట్టె మీద చెయ్యి పెట్టింది. "ఓడిపోయినాడులే. ఇంక వస్తాడు" అంది.

మా ఆయన ఫోన్ కలిపాడు. అటు నుంచి మరిదే ముందు మాట్లాడాడు. "అన్నా, నాయనకు జెప్పు, కుడికే దూకినా, వేళ్లకు తగిలింది, ఆగలేదు" అన్నాడు. మా ఆయన ఫోను నా చేతిలో పెట్టాడు.

"నాయన తెల్లారుజామున పోయినారు" అన్నాను.

 మరిది అడిగాడు. "మరి ఈ పొద్దు ఆట ఎవురికి చెప్పినావు వదినా?"

"ఆయనకే."

మరుసటి రోజు మధ్యాహ్నం వరకు అతని కోసమే ఆపాము. గేటు బయట కారు ఆగిన చప్పుడుకు వాకిట్లో వాళ్లంతా లేచి పక్కలకు జరిగారు. నడుమ దారి ఖాళీ అయింది. నేను పెట్టె దగ్గరే ఉన్నాను. నోట్లో నుంచి మాటలు వాటంతటవే వచ్చాయి.

"గేటు కాడికి వచ్చినాడు మామా. కోళ్లగూడు దాటినాడు. తొట్టి కాడుండాడు."

మరిది బట్టల బండ దాకా వచ్చి ఆగిపోయాడు. ఎదురుగా తలుపు, తలుపు నిండా మచ్చలు, దానికి అడ్డంగా వాళ్ల నాయన. చేతులు ఎక్కడ పెట్టుకోవాలో తెలియనివాడిలా రెండు చేతులూ కొంచెం ఎడంగా పట్టుకొని, అక్కడే నిలబడ్డాడు.